అధ్యక్షత, పెద్దరికం, సంఘం: డోర్నకల్ - కరీంనగర్ అధ్యక్ష ఖండాల పాలనా చరిత్రపై విమర్శనాత్మక పరిశీలన

వ్యాస సంగ్రహం:

ఉత్తర తెలంగాణలోని దక్షిణ ఇండియా సంఘం (సి.ఎస్.ఐ.) పాలనకు రెండు వారసత్వాలున్నాయి. ఒకటి డోర్నకల్ కేంద్రంగా పెరిగిన ఆంగ్లికన్ బిషప్పు పాలన. రెండవది కరీంనగర్ ప్రాంతంలో వెస్లియన్ మెథడిస్టు మిషన్ నెలకొల్పిన సర్క్యూట్ పాలన. 1947లో ఇవి ఒకే నిబంధనావళి కిందికి వచ్చాయి. ఈ చరిత్రను ఇంతవరకు ప్రధానంగా బిషప్పుల జీవితాల ద్వారా చదివారు. అధ్యక్షుడు, కాపరి, పెద్ద, సంఘం అనే తెలుగు మాటల ద్వారా చదివితే, రెండు వారసత్వాలకూ ఆధారంగా నిలిచిన గ్రామ స్థాయి బాధ్యులు పాలనా చిత్రం నుంచి ఎలా తొలగిపోయారో తెలుస్తుందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలక పదాలు: అధ్యక్ష ఖండం, డోర్నకల్, కరీంనగర్, పెద్దపల్లి, అజరయ్య, దక్షిణ ఇండియా సంఘం, పాస్టరేట్, సంఘ పెద్ద, చరిత్ర రచన.

1. ఉపోద్ఘాతం

పెద్దపల్లి 2016 అక్టోబరు 11న ప్రత్యేక జిల్లాగా ఏర్పడింది. అంతకు ముందు అది కరీంనగర్ జిల్లాలో భాగం. రెవెన్యూ పటం మారినా చర్చి పటం అలాగే ఉన్నది. ఈ ప్రాంతపు సి.ఎస్.ఐ. చర్చిలు 1978లో ఏర్పడిన కరీంనగర్ అధ్యక్ష ఖండం పరిధిలోనివి. కరీంనగర్‌లోని ప్రధాన దేవాలయం పేరు వెస్లీ కెథడ్రల్. ఈ పేరులోనే ఒక వైరుధ్యం కనిపిస్తుంది. కెథడ్రల్ అంటే బిషప్పు పీఠం ఉన్న దేవాలయం. జాన్ వెస్లీ పేరు మీద బ్రిటన్‌లో రూపుదిద్దుకున్న మెథడిస్టు సంఘానికి బిషప్పులు లేరు. బిషప్పు లేని సంప్రదాయపు మూలపురుషుని పేరు బిషప్పు పీఠానికి పెట్టడం ఉత్తర తెలంగాణ క్రైస్తవ చరిత్రలో గమనించదగిన విషయం.

సి.ఎస్.ఐ. ప్రపంచ ఆంగ్లికన్ సహవాసంలో సభ్య సంఘం. అందువల్ల కరీంనగర్‌ను ఆంగ్లికన్ అధ్యక్ష ఖండంగా లెక్కించడం పరిపాటి. అయితే ఈ లెక్క చరిత్రను సగమే చెబుతుంది. మిగిలిన సగం తెలుసుకోవాలంటే ముందు ఈ ప్రాంతం పాలనకు వాడుకున్న మాటలను పరిశీలించాలి.

2. మాటల వెనుక ఉన్న పాలన

డయాసిస్ అనే మాటకు తెలుగు క్రైస్తవులు చేసుకున్న అనువాదం 'అధ్యక్ష ఖండం'. తెలుగు బైబిలు కొత్త నిబంధనలో గ్రీకు 'ఎపిస్కొపొస్'కు సమానార్థకంగా 'అధ్యక్షుడు' అనే మాట ఉన్నది. గ్రీకు పదంలో 'ఎపి' అంటే పైన, 'స్కొపొస్' అంటే చూసేవాడు. సంస్కృత పదంలో 'అధి' అంటే పైన, 'అక్ష' అంటే కన్ను. రెండు భాషల్లోనూ ఆ పదవికి మూలార్థం చూపు. ఇంత సన్నిహితమైన అనువాదం అరుదు.

కాని ఆధునిక తెలుగులో అధ్యక్షుడంటే సభకు, సంస్థకు, పార్టీకి, దేశానికి పెద్దగా కూర్చునేవాడు. చూపు అనే అర్థం వెనుకబడి, పీఠం అనే అర్థం ముందుకు వచ్చింది. పాలనా చరిత్రలోనూ ఇదే మార్పును గమనించవచ్చు. బిషప్పు ఊరూరా తిరిగి చూసే పర్యవేక్షకుడిగా మొదలై, కౌన్సిలుకు, కమిటీలకు, విద్యాసంస్థల బోర్డులకు అధ్యక్షత వహించే అధికారి అయ్యాడు.

ఇదే నిఘంటువులో మరో రెండు మాటలున్నాయి. 'కాపరి' కాచు ధాతువు నుంచి వచ్చిన అచ్చతెలుగు పదం. గొర్రెల మందలు తిరిగే తెలంగాణ పల్లెకు దీనిని వివరించనక్కరలేదు. 'పెద్ద' మరింత లోతైనది. ఊరిపెద్ద, కులపెద్ద, పెద్దమనిషి అనే వ్యవస్థలో పుట్టి పెరిగిన మాల, మాదిగ కుటుంబాలు క్రైస్తవంలోకి వచ్చినప్పుడు 'సంఘ పెద్ద' వారికి కొత్త పదవి కాదు. కొత్తదనం ఒక్కటే: ఊరి పంచాయితీలో దూరంగా నిలబడవలసిన మనిషి ఇక్కడ పెద్దగా కూర్చున్నాడు. అధ్యక్షుడు పైనుంచి చూస్తాడు, కాపరి వెంట నడుస్తాడు, పెద్ద మధ్యలో కూర్చుంటాడు. అధ్యక్ష ఖండపు పాలన ఈ మూడు స్థానాల మధ్య సమతూకం. ఆ సమతూకం ఏ కాలంలో ఎటు ఒరిగిందన్నదే విమర్శకు విషయం.

3. డోర్నకల్: బిషప్పు ముందు, నిబంధనావళి తరువాత

వేదనాయగం శామ్యూల్ అజరయ్య 1874 ఆగస్టు 17న తిరునెల్వేలి ప్రాంతంలోని వెళ్ళాలన్‌విళైలో జన్మించాడు. 1903లో తిరునెల్వేలి ఇండియన్ మిషనరీ సొసైటీ, 1905లో నేషనల్ మిషనరీ సొసైటీ స్థాపనల్లో ప్రముఖ పాత్ర వహించాడు. మొదటి సంస్థ తన సేవాక్షేత్రంగా ఎంచుకున్నది నిజాం రాజ్యంలోని డోర్నకల్ - మానుకోట ప్రాంతం. 1909లో అజరయ్య స్వయంగా డోర్నకల్‌కు వచ్చాడు. 1912 డిసెంబరు 29న కలకత్తా సెయింట్ పాల్స్ కెథడ్రల్‌లో ఆంగ్లికన్ సంఘపు మొట్టమొదటి భారతీయ బిషప్పుగా అభిషిక్తుడయ్యాడు.

ఒక భారతీయుడు ఐరోపా మిషనరీలపై అధికారం నెరపడాన్ని నాడు తెల్లవారిలోనే గాక భారతీయ క్రైస్తవులలో కూడా కొందరు వ్యతిరేకించారు. మద్రాసు బిషప్పు హెన్రీ వైట్‌హెడ్ పట్టుదలతో ఈ నియామకం జరిగింది. మొదట అజరయ్య అధికార పరిధి చిన్నది. 1920ల ఆరంభంలో కృష్ణా తీరపు మిషన్ క్షేత్రాలు చేరడంతో అది విస్తరించింది. 1841లో హెన్రీ ఫాక్స్, రాబర్ట్ నోబుల్ మచిలీపట్నంలో ప్రారంభించిన చర్చి మిషనరీ సొసైటీ తెలుగు మిషన్ వారసత్వం ఆ విధంగా డోర్నకల్ పాలనలోకి వచ్చింది. ఒక తమిళుడు నిజాం రాజ్యంలోని రైల్వే జంక్షన్ ఊరిలో ఉండి, కోస్తా తెలుగు జిల్లాలలోని పాత మిషన్లను పాలించడం ఆనాటికి అసాధారణమైన ఏర్పాటు.

అజరయ్య పాలనకు మూలాధారం గ్రామ ఉపాధ్యాయుడు. పల్లెలో నివసిస్తూ పగలు బడి చెప్పి, రాత్రి ప్రార్థన నడిపే వ్యక్తి అతడు. డోర్నకల్ దైవశాస్త్ర పాఠశాలలో గురువులతో పాటు వారి భార్యలకు కూడా శిక్షణ ఇచ్చేవారు. ఇంగ్లీషు చదువు లేని వారిని కూడా గురుత్వానికి స్వీకరించారు. వంట చేసేటప్పుడు స్త్రీలు పిడికెడు బియ్యం తీసిపెట్టే కానుక, కోతకాలపు పండుగ సంఘ ఆర్థిక వ్యవస్థకు ఆధారమయ్యాయి. దీనిని కేవలం భక్తిగా చూడటం సరిపోదు. పిడికెడు బియ్యం ఇచ్చిన స్త్రీ ఆ సంఘ వ్యయంలో భాగస్వామి అయింది. డబ్బు రూపంలో కూలి దొరకని వెట్టి వ్యవస్థలో ధాన్యమే చందా. స్వయం పోషణ, స్వయం పాలన అనే మిషనరీ సిద్ధాంతాలు పల్లెలో ఈ రూపంలో ఆచరణకు వచ్చాయి.

ఈ చిత్రాన్ని ఆదర్శంగా చూపేవారు ఒక విషయాన్ని విస్మరిస్తారు. ఈ వ్యవస్థ అంతా ఒక బిషప్పు వ్యక్తిత్వం చుట్టూ అల్లుకొన్నది. 1927 నాటి ఇండియన్ చర్చి చట్టం ఫలితంగా 1930లో ఇండియా, బర్మా, సిలోన్ సంఘం ఇంగ్లండు సంఘంతో చట్టబంధం నుంచి విడివడి సొంత నిబంధనావళి పొందింది. అప్పటికి అజరయ్య బిషప్పై పదిహేడేళ్ళు దాటింది. డోర్నకల్‌లో ముందు బిషప్పు వచ్చాడు, తరువాత నియమాలు వచ్చాయి. 1939 జనవరి 6న ప్రతిష్ఠ జరిగిన ఎపిఫనీ కెథడ్రల్ దేశీయ శిల్పరీతులను కలుపుకొని ఆ వ్యక్తిత్వానికి రాతి రూపం ఇచ్చింది. చూపు బలంగా ఉన్న కాలంలో నియమాల లోటు కనబడలేదు. 1945 జనవరి 1న ఆయన మరణించిన తరువాత ఆ లోటును పూరించవలసింది వ్యవస్థే.

4. కరీంనగర్: కమిటీ ముందు, బిషప్పు తరువాత

పెద్దపల్లి, కరీంనగర్ ప్రాంతాల చరిత్ర వేరు. నిజాం రాజ్యంలో మిషన్ సంస్థలు పరస్పర అంగీకారంతో క్షేత్రాలను పంచుకున్నాయి. మెదక్ నుంచి కరీంనగర్ దాకా ఉన్న ఉత్తర ప్రాంతాలలో వెస్లియన్ మెథడిస్టు మిషన్ 19వ శతాబ్దపు చివరి దశాబ్దాల నుంచి పనిచేసింది. చార్లెస్ పాస్నెట్ ఆధ్వర్యంలో నిర్మితమై 1924 డిసెంబరు 25న ప్రారంభమైన మెదక్ చర్చి ఆ మిషన్ ప్రాబల్యానికి చిహ్నం. దానిని కట్టినప్పుడు అది కెథడ్రల్ కాదు. బిషప్పు పదవి వచ్చాక అయింది.

మెథడిస్టు పాలనలో సంఘాల సముదాయం సర్క్యూట్. దానిపై సూపరింటెండెంట్. సర్క్యూట్లన్నీ కలిసి డిస్ట్రిక్ట్. డిస్ట్రిక్ట్ సభకు సినడ్ అని పేరు, దానికి చైర్మన్. కింద లోకల్ ప్రీచరు, క్లాస్ లీడరు ఉంటారు. వీరు అభిషిక్త గురువులు కారు. అయినా వారి పేర్లు, విధులు వ్యవస్థలో లిఖితమై ఉన్నాయి. డోర్నకల్‌లో గ్రామ ఉపాధ్యాయుని స్థానం బిషప్పు దృష్టి వల్ల నిలిచింది. ఇక్కడ గ్రామ నాయకుని స్థానం పద్ధతి వల్ల నిలిచింది. మెథడ్ అనే మాటకే పద్ధతి అని అర్థం కదా.

ఈ రెండవ వారసత్వాన్నీ ఆదర్శీకరించనక్కరలేదు. సర్క్యూట్ సూపరింటెండెంటు చాలాకాలం తెల్ల దొరే. నిధులు విదేశాలవి, తుది నిర్ణయాలు వారివి. పల్లెజనం పాలిట మిషన్ బంగళా మరో గడీగా కనిపించిన సందర్భాలు లేకపోలేదు. గడీ దొర వెట్టి చేయించుకొంటే, బంగళా దొర బడి పెట్టించాడన్న తేడా ముఖ్యమైనదే. అర్జీ పట్టుకొని అరుగు కింద నిలబడే భంగిమ మాత్రం రెండు చోట్లా ఒకటే. తరువాతి కాలంలో బిషప్పు కార్యాలయం ముందు కనిపించే ప్రవర్తనను అర్థం చేసుకోవడానికి ఈ భంగిమ చరిత్ర తెలియాలి.

5. 1947: నిబంధనాబద్ధ బిషప్పు

1919లో తరంగంబాడిలో సమావేశమైన సంఘ నాయకులు ఐక్యతకు పిలుపునిచ్చారు. వారిలో అత్యధికులు భారతీయులు. అజరయ్య ముఖ్య సూత్రధారి. ఇరవై ఎనిమిదేళ్ళ చర్చల తరువాత 1947 సెప్టెంబరు 27న మద్రాసు సెయింట్ జార్జి కెథడ్రల్‌లో దక్షిణ ఇండియా సంఘం ఆవిర్భవించింది. ఆంగ్లికన్ల నాలుగు అధ్యక్ష ఖండాలు, దక్షిణ భారత మెథడిస్టులు, కాంగ్రిగేషనల్ - ప్రెస్బిటేరియన్ సంప్రదాయాలవారు కలిసిన 1908 నాటి దక్షిణ ఇండియా ఐక్య సంఘం అందులో చేరాయి. దీనికోసం శ్రమించిన అజరయ్య ఆ రోజు చూడలేదు.

ఐక్యతకు కుదిరిన రాజీ ఇది: చారిత్రక బిషప్పు పదవిని అందరూ అంగీకరించారు, అయితే అది నిబంధనాబద్ధంగా ఉండాలి. ఆంగ్లికన్లు పదవిని తెచ్చారు, మిగిలినవారు దానికి హద్దులు తెచ్చారు. అధ్యక్ష ఖండ కౌన్సిలులో గురువులతో పాటు గృహస్థ సభ్యులూ కూర్చుంటారు. బిషప్పు ఎన్నికలో కౌన్సిలు కొన్ని పేర్లను ఎన్నుకుంటుంది. వాటిలోనుంచి తుది ఎంపిక సినడ్ స్థాయిలో జరుగుతుంది. సినడ్‌కు మాడరేటరు నాయకుడు. ఆస్తులు 1947లోనే కంపెనీగా నమోదైన సి.ఎస్.ఐ. ట్రస్ట్ అసోసియేషన్ పేరున ఉంటాయి.

ఈ మార్పులో ఒక మాట ప్రయాణం గమనార్హం. మెథడిస్టులకు సినడ్ అంటే తమ డిస్ట్రిక్ట్ సభ. 1947 తరువాత అదే మాట మద్రాసులో కార్యాలయం ఉన్న అత్యున్నత సభకు పేరైంది. కరీంనగర్ సంఘస్థునికి సినడ్ దగ్గరి నుంచి దూరానికి జరిగింది. క్లాస్ లీడరు అనే మాట క్రమంగా మరుగున పడింది. పాస్టరేట్ కమిటీ, ఎగ్జిక్యూటివ్ కమిటీ అనే మాటలు మిగిలాయి. ఇంగ్లీషులో ఉన్న నిబంధనావళిని చదవగలిగినవారు కమిటీలలోకి, చదవలేనివారు ఓటర్ల జాబితాలోకి వెళ్ళారు. బిషప్పు అధికారానికి హద్దులు గీసిన పత్రం, ఆ హద్దులను కాపాడవలసిన పల్లె సభ్యునికి అందని భాషలో ఉండటం ఈ వ్యవస్థలోని మౌలిక లోపం.

ఐక్యత ఒక్కరోజులో పూర్తి కాలేదనడానికి నంద్యాల తెలుగు ఉదాహరణ. డోర్నకల్‌లో భాగమైన నంద్యాల ఆంగ్లికన్లు 1947లో ఐక్య సంఘం వెలుపల నిలిచి 1975లో చేరారు. అదే నంద్యాలకు 2013లో ఇ. పుష్పలలిత బిషప్పుగా అభిషిక్తురాలై, సి.ఎస్.ఐ.లో తొలి మహిళా బిషప్పు అయ్యారు. ఆలస్యంగా చేరినచోట ఇంత పెద్ద మార్పు ముందుగా రావడం, నియమాలు మాత్రమే పాలనను నిర్ణయించవని చూపుతుంది.

6. సంఘం అనే మాట: 1947, 1978

'దక్షిణ ఇండియా సంఘం' అనే పేరును ఉత్తర తెలంగాణ నేల మీద చదివితే రెండు ప్రత్యేకతలు కనిపిస్తాయి. మొదటిది 'ఇండియా'. 1947 సెప్టెంబరు నాటికి హైదరాబాదు సంస్థానం భారతదేశంలో లేదు. 1948 సెప్టెంబరు 17న గాని విలీనం జరగలేదు. అంటే ఈ ప్రాంతపు మెథడిస్టు క్రైస్తవులు తమ ఊళ్ళు ఇండియాలో చేరడానికి దాదాపు ఏడాది ముందే ఇండియా పేరున్న సంఘంలో చేరారు.

రెండవది 'సంఘం'. అదే కాలంలో తెలంగాణ పల్లెలలో 'సంఘం' అంటే ఆంధ్ర మహాసభ, వెట్టికి, గడీకి ఎదురు నిలిచిన సంఘం. కరీంనగర్ అధ్యక్ష ఖండం ఏర్పడిన 1978లోనే, సెప్టెంబరు 7న, జగిత్యాల జైత్రయాత్ర జరిగింది. ఆ తరువాత జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించారు. అప్పటికి 'సంఘం' అంటే రైతు కూలీ సంఘం. ఒకే పల్లెలో, ఒకే వాడలో, ఒకే మాటకు రెండు అర్థాలు: ఆదివారం కూడే సంఘం, కూలి రేట్ల కోసం కూడే సంఘం. రెండింటికీ జనబలం చాలావరకు దళిత కూలీ కుటుంబాలే. పాలనా చరిత్ర రాసినవారు ఈ పక్కపక్క ఉనికిని పట్టించుకోలేదు. అధ్యక్ష ఖండం ఏర్పాటును సరిహద్దుల సర్దుబాటుగా మాత్రమే చూస్తే, ఆనాడు సంఘ సభ్యుని ముందున్న అసలు ప్రశ్న, తన తరఫున మాట్లాడేది ఏ సంఘం అన్నది, కనిపించకుండా పోతుంది.

పెద్దపల్లి ప్రాంతంలో మరో మార్పు వచ్చింది. రామగుండం, గోదావరిఖనిలలో సింగరేణి బొగ్గుగనులు, ఎన్‌టీపీసీ విద్యుత్ కేంద్రం జీతగాళ్ళ పట్టణాలను సృష్టించాయి. ధాన్యం కానుక మీద, ఊరి వాడ మీద ఆధారపడిన పాస్టరేట్ నమూనాకు షిఫ్టు డ్యూటీ, క్వార్టర్ల జీవితం కొత్తవి. నెలజీతం ఉన్న పట్టణ సభ్యుని చందా పెరిగింది. దానితో పాటు కమిటీలో అతని మాట విలువ కూడా. పల్లె సంఘం లెక్కల్లో చిన్నదైంది.

దీనికి తోడు రెండు రిజిస్టర్ల సమస్య ఉన్నది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం క్రైస్తవులైన దళితులకు షెడ్యూల్డు కులాల హోదా లేదు. రాష్ట్రంలో వారు బి.సి.-సి వర్గంలోకి వస్తారు. చర్చి రిజిస్టరులో పేరుండటం ప్రభుత్వ కాగితంపై హక్కు పోవడానికి దారితీయగల స్థితిలో, సభ్యత్వ జాబితా నిష్పాక్షిక పత్రంగా ఉండజాలదు. సంఘ ఎన్నికలకు, ప్రాతినిధ్యానికి ఆ జాబితాయే పునాది. ఈ బలహీనతకు మూలం చర్చిలో గాక రాజ్య విధానంలో ఉన్నదని గుర్తించాలి.

7. చరిత్ర రచనలోని ఖాళీ

డోర్నకల్‌పై ప్రసిద్ధమైన ఇంగ్లీషు గ్రంథాలు కారల్ గ్రాహం 1946లో వెలువరించిన జీవిత చరిత్ర, సూసన్ బిల్లింగ్టన్ హార్పర్ 2000లో ప్రచురించిన బృహత్ పరిశోధన. మొదటిది సన్నిహిత సహచరి రచన, భక్తి ప్రధానం. రెండవది విస్తారమైన ఆధారాలతో అజరయ్యను గాంధీయుగపు రాజకీయాల మధ్య నిలిపింది. 1932 కమ్యూనల్ అవార్డు కల్పించిన ప్రత్యేక నియోజకవర్గాలను అజరయ్య వ్యతిరేకించడం ఆ చర్చలో కీలకమైన ఘట్టం. సంఘం ఓట్ల గుంపుగా మారరాదన్నది ఆయన వాదన. నేడు సంఘంలోపలి ఎన్నికలే వర్గాలను సృష్టిస్తున్నాయి. 2023 నాటి సినడ్ ఎన్నికలు మద్రాసు హైకోర్టు దాకా వెళ్ళాయి. ఈ నేపథ్యంలో ఆ వాదనను మళ్ళీ చదవాలి. అయినా రెండు గ్రంథాలూ బిషప్పు కంటితోనే పల్లెను చూపుతాయి.

దీనికి భిన్నమైనది పి.వై. లూక్, జాన్ బి. కార్మన్ 1968లో ప్రచురించిన మెదక్ ప్రాంతపు వాడియారం పాస్టరేట్ అధ్యయనం. ఊరి పండుగలు, కులబంధాలు, గ్రామ సువార్తికుని దినచర్య అందులో చోటు చేసుకున్నాయి. అదే ప్రాంతాన్ని కార్మన్, చిల్కూరి వసంతరావు మళ్ళీ పరిశీలించి 2014లో వెలువరించిన గ్రంథం 1959 - 2009 మధ్య యాభై ఏళ్ళ క్షీణతను, పునరుజ్జీవనాన్ని చర్చించింది. పాత సంఘాలు సన్నగిల్లినచోట స్వతంత్ర సంఘాలు పుట్టుకురావడాన్ని సిద్ధాంత భేదంగా మాత్రమే వివరించడం చాలదు. పల్లెలో నివసించే బాధ్యుడు ఉన్నాడా లేడా అనేది పాలనా ప్రశ్న. స్వతంత్ర సంఘపు పాస్టరు వాడలోనే ఉంటాడు; పాస్టరేట్ గురువు అనేక ఊళ్ళు తిరగాలి. క్లాస్ లీడరు, గ్రామ ఉపాధ్యాయుడు ఖాళీ చేసిన స్థానాన్ని ఎవరో ఒకరు నింపక తప్పదు.

పెద్దపల్లి ప్రాంతంపై ఇటువంటి అధ్యయనం జరగవలసి ఉన్నది. దానికి సామగ్రి తెలుగులోనే దొరుకుతుంది: బాప్తిస్మ, వివాహ రిజిస్టర్లు, పాస్టరేట్ కమిటీ మినిట్స్ పుస్తకాలు, కానుకల లెక్కలు, సంఘ పెద్దలు బిషప్పుకు రాసుకున్న అర్జీలు. వీటిని మతపత్రాలుగా పక్కన పెట్టడం తెలుగు పరిశోధనకు నష్టం. దళిత కుటుంబాలు తమ పేర్లను, తేదీలను, తీర్మానాలను తామే నమోదు చేసుకున్న తొలినాటి తెలుగు గద్యంలో వీటికి స్థానం ఉన్నది. దళిత సాహిత్య చరిత్రను అచ్చయిన కవిత్వంతో, కథతో మొదలుపెట్టే అలవాటును ఈ పుస్తకాలు ప్రశ్నిస్తాయి.

8. ముగింపు

ఈ పరిశీలనలో తేలిన అంశాలు:

1. కరీంనగర్ అధ్యక్ష ఖండాన్ని డోర్నకల్ చరిత్రకు కొనసాగింపుగా మాత్రమే చదవడం అసంపూర్ణం. బిషప్పు ముందుగా వచ్చిన ఆంగ్లికన్ సంప్రదాయం, కమిటీ ముందుగా వచ్చిన మెథడిస్టు సంప్రదాయం అక్కడ కలిశాయి.

2. ఈ రెండింటికీ గ్రామ స్థాయి బాధ్యులే పునాది. 1947 నిబంధనావళి పై స్థాయి అధికారాలను జాగ్రత్తగా సమతుల్యం చేసింది. కింది స్థాయి బాధ్యునికి అంత స్పష్టమైన స్థానం ఇవ్వలేదు.

3. 'అధ్యక్ష' అనే పదంలోని చూపు తగ్గి పీఠం పెరగడం ఏ ఒక్క బిషప్పు స్వభావానికో చెందిన విషయం కాదు. ఆస్తులు, సంస్థలు, ఎన్నికలు పెరిగిన వ్యవస్థ సహజంగా అటు లాగుతుంది. అందువల్ల వ్యక్తుల మంచిచెడ్డలపై సాగే విమర్శ కన్నా వ్యవస్థపై విమర్శ అవసరం.

4. నిబంధనావళి, వార్షిక లెక్కలు, ఆస్తుల పట్టికలు తెలుగులో ప్రతి పాస్టరేట్‌కు అందుబాటులో ఉండటం భాషాభిమానానికి సంబంధించిన కోరిక కాదు. నిబంధనాబద్ధ బిషప్పు అనే 1947 నాటి ఒప్పందం అమలు కావడానికి అది కనీస షరతు.

5. మినిట్స్ పుస్తకాలు, రిజిస్టర్లు చెదలకు, తరలింపులకు నశించక ముందే విశ్వవిద్యాలయ తెలుగు, చరిత్ర శాఖలు వాటిని డిజిటల్ ప్రతులుగా భద్రపరచాలి. అందులో జీవించి ఉన్న కుటుంబాల కుల, మత వివరాలు ఉంటాయి గనుక, వారి అనుమతి, గోప్యత ఆ పనికి మొదటి నియమాలు కావాలి.

అధ్యక్ష ఖండపు చరిత్రను ఇంతవరకు అధ్యక్షుల వరుసగా రాశారు. దానిని పెద్దల వరుసగా రాసే పని పెద్దపల్లి వంటి ప్రాంతాల నుంచే మొదలు కాగలదు.